పచ్చ రంగు వేసిన ఊరు: బోరు నీళ్ళకూ గొర్రెల మందకూ ఒకే లెక్క, ఒకే పొరపాటు

ఆ ఊరు నా మ్యాపులో పచ్చ రంగులో ఉంది. అక్కడి బోరు నీళ్ళలో ఫ్లోరైడ్ లీటరుకు ఒక మిల్లీగ్రాము లోపే ఉంటుందని నా లెక్క చెప్పింది కాబట్టి పచ్చ వేశాను. బడి టీచరమ్మ ఆ ప్రింటు చూసి, పిల్లల కోసం తెప్పించే క్యాన్ నీళ్ళు ఆపేసి బడి చేతిపంపు నీళ్ళే తాగించారు. కొన్ని వారాల తర్వాత రెండో విడత నమూనాలకు వెళ్ళి ఆ పంపు నీళ్ళు పట్టి పరీక్షిస్తే, అనుమతించిన గరిష్ఠ పరిమితికి దాదాపు రెట్టింపు వచ్చింది. ఫ్లోరైడ్ కొలిచే ఎలక్ట్రోడ్ తప్పు చూపిస్తోందేమో అనుకుని ప్రామాణిక ద్రావణంతో సరిచూసి, నమూనాలో బఫర్ ద్రావణం మళ్ళీ కలిపి ఇంకోసారి చూశాను. అదే అంకె.

"సార్, మీ మ్యాపు చూసే కదా మేం క్యాన్లు మానేశాం" అని ఆమె మెల్లగా అన్నారు. ఆ మాటకు నా దగ్గర జవాబు లేదు. ఆ రోజే పంపుకు గుడ్డ కట్టించి, క్యాన్లు మళ్ళీ మొదలు పెట్టించి, నెల్లూరు బస్సెక్కాను. దారంతా ఒకటే ప్రశ్న. నా లెక్క బాగా కుదిరిందని నేనే పరీక్షించుకున్నాను కదా, మరి ఇలా ఎందుకైంది?

ఈ కేసు రాయడానికి కారణం ఆ ప్రశ్నే. అదే ఏడాది నేను చేస్తున్న ఇంకో పనిలో, నెల్లూరు జాతి గొర్రెల బరువుల లెక్కలో, సరిగ్గా అదే తప్పు చేస్తున్నానని తర్వాత తెలిసింది. ఒకటి భూమికి సంబంధించిన పని, ఇంకొకటి జన్యువులకు సంబంధించినది. రెండింటి కింద ఉన్న గణితం మాత్రం ఒక్కటే.

పని ఏమిటి

నేను గణాంకాలు, ప్రోగ్రామింగ్ నేర్చుకుని పరిశోధన బృందాలకు డేటా పని చేసి పెడతాను. ఒక చిన్న స్వచ్ఛంద బృందం పశ్చిమ ప్రకాశంలో, అంటే కనిగిరి, పామూరు, వెలిగండ్ల, మర్రిపూడి, కొనకనమిట్ల వైపు, బోరు నీళ్ళ నమూనాలు సేకరించింది. అన్ని ఊళ్ళకూ వెళ్ళే ఓపిక, డబ్బు వాళ్ళకు లేవు. వెళ్ళిన ఊళ్ళ అంకెల నుంచి వెళ్ళని ఊళ్ళను అంచనా వేసి మ్యాపు గీయమని నన్ను అడిగారు.

ఈ ప్రాంతానికి ఫ్లోరైడ్ కొత్త కాదు. కనిగిరి, పొదిలి, దర్శి తాలూకాలు 1970లో ప్రకాశం జిల్లా ఏర్పడే దాకా నెల్లూరు జిల్లాలోనే ఉండేవి. ఒంట్లో ఫ్లోరైడ్ ఎక్కువై పళ్ళకూ ఎముకలకూ వచ్చే జబ్బు ఫ్లోరోసిస్. మన దేశంలో దాన్ని మొదట వైద్య పత్రికలో వివరంగా రాసింది 1937లో, షార్ట్, ఆయన సహచరులు. వాళ్ళు రాసింది అప్పటి మద్రాసు ప్రెసిడెన్సీలోని నెల్లూరు జిల్లా గురించే. అంతకు కొన్నేళ్ళ ముందే రైతులు తమ ఎద్దుల కీళ్ళు బిగుసుకుపోయి నడవలేకపోవడం గమనించారని చెబుతారు. మనుషుల కంటే ముందు పశువుల్లో కనబడిన జబ్బు ఇది. పళ్ళ మీద గోధుమ రంగు చారలున్న పిల్లల్ని, నడుం వంగిపోయిన పెద్దవాళ్ళను చిన్నప్పటి నుంచీ చూసినవాడిని కాబట్టి ఈ పని నాకు మామూలు కాంట్రాక్టు పని కాదు.

ఫ్లోరైడ్ రాయి నుంచే వస్తుంది. గ్రానైట్, నైస్ రాళ్ళలోని బయోటైట్, అపటైట్, ఫ్లోరైట్ లాంటి ఖనిజాల నుంచి అది నీళ్ళలోకి దిగుతుంది. నీళ్ళలో కాల్షియం ఎక్కువగా ఉంటే ఫ్లోరైడ్ కాల్షియంతో కలిసి ఫ్లోరైట్‌గా విడిపోతుంది. కాల్షియం తక్కువై సోడియం, బైకార్బొనేట్ ఎక్కువగా ఉంటే కరిగే ఉండిపోతుంది. ఇక్కడ ఒక మాట చెప్పాలి. మన ఊళ్ళలో పప్పు బాగా ఉడికితే, సబ్బు నురగ బాగా వస్తే అవి మంచి నీళ్ళు అంటారు. కాఠిన్యం తక్కువని దాని అర్థం, అంటే కాల్షియం తక్కువ. ఫ్లోరైడ్ దిగే రాయి మీద అలాంటి నీళ్ళలోనే ఫ్లోరైడ్ నిలబడే అవకాశం ఎక్కువ. ఆ బడి పంపు నీళ్ళు కూడా అలాంటివే, తియ్యగా ఉంటాయని ఊళ్ళో పేరు. ఫ్లోరైడ్‌కు రుచి లేదు, వాసన లేదు. కాచితే పోదు సరికదా, నీళ్ళు ఆవిరైన కొద్దీ ఇంకా చిక్కబడుతుంది.

భారతీయ ప్రమాణం ఐఎస్ 10500 ప్రకారం తాగునీటిలో ఫ్లోరైడ్ లీటరుకు 1.0 మిల్లీగ్రాము దాటకూడదు. వేరే నీళ్ళు దొరకని చోట 1.5 దాకా అనుమతిస్తారు. నా మొదటి మ్యాపులో పచ్చ, పసుపు, ఎరుపు రంగులకు గీతలు ఈ రెండు అంకెలే.

మొదటి మ్యాపు ఎలా గీశాను

నేను వాడింది క్రిగింగ్. దక్షిణాఫ్రికాలో విట్‌వాటర్స్‌రాండ్ బంగారు గనుల్లో పనిచేసిన డానీ క్రిగె అనే ఇంజనీరు 1951లో వేసిన బాట ఇది. కొన్ని చోట్ల తవ్విన నమూనాల నుంచి తవ్వని చోట బంగారం ఎంతుంటుందో అంచనా కట్టడం ఆయన సమస్య. ఫ్రాన్స్‌కు చెందిన జార్జెస్ మాథెరాన్ 1960ల్లో దానికి గణిత రూపం ఇచ్చి, క్రిగె పేరే పెట్టాడు.

విషయం సులువే. దగ్గర దగ్గర ఉన్న బోర్ల నీళ్ళు ఒకలా ఉంటాయి, దూరమయ్యే కొద్దీ పోలిక తగ్గుతుంది. ఎంత దూరానికి ఎంత తగ్గుతుందో డేటా నుంచే గీసే బొమ్మను వేరియోగ్రామ్ అంటారు. పక్కపక్కనే ఉన్న రెండు బోర్లకు కూడా కొంత తేడా ఉంటుంది. లోతు వేరు, పగుళ్ళు వేరు, పరీక్షలో పొరపాటు వేరు. దూరంతో సంబంధం లేని ఆ తేడాను నగ్గెట్ అంటారు. బంగారు ముద్ద ఒక నమూనాలో పడి పక్క నమూనాలో పడకపోవడం నుంచి వచ్చిన పేరు అది.

ఫ్లోరైడ్ అంకెలు ఒక వైపుకు సాగి ఉంటాయి, ఎక్కువ బోర్లలో తక్కువ, కొద్ది బోర్లలో చాలా ఎక్కువ. అందుకని లాగరిథమ్ తీసుకున్నాను. అక్షాంశ రేఖాంశాలను, చోట్లను మీటర్లలో చెప్పే యూటీఎం పద్ధతి 44వ జోన్‌లోకి మార్చి దూరాలు కిలోమీటర్లలో కట్టాను. ఆర్ అనే ప్రోగ్రామింగ్ భాషలో జీస్టాట్ ప్యాకేజీతో లెక్క నడిచింది, మ్యాపులు గీసే క్యూజీఐఎస్‌లో రంగులు పడ్డాయి. పని తేలిగ్గానే అయిపోయింది.

తర్వాత పరీక్ష. అందరూ చేసినట్టే బోర్లన్నింటినీ పేకముక్కల్లా కలిపి పది భాగాలు చేశాను. ఒక్కో భాగాన్ని దాచిపెట్టి, మిగతా తొమ్మిది భాగాలతో దాన్ని అంచనా వేయించాను. అసలు అంకెలకూ అంచనాలకూ పొందిక చాలా బాగా కుదిరింది. ఆ గ్రాఫు చూసి నేను సంతోషపడ్డాను, బృందమూ సంతోషపడింది. మ్యాపు ఊళ్ళకు వెళ్ళింది.

తప్పు ఎక్కడుంది

నెల్లూరు చేరిన రాత్రి ఒక చిన్న లెక్క వేశాను. పరీక్షలో దాచిపెట్టిన ప్రతి బోరుకూ, అంచనాకు వాడిన వాటిలో అతి దగ్గరి బోరు ఎంత దూరంలో ఉందో చూశాను. దాదాపు అన్నింటికీ కొన్ని వందల మీటర్లే. బృందం వెళ్ళిన ప్రతి ఊళ్ళోనూ నాలుగైదు బోర్ల నీళ్ళు పట్టింది. కలిపి పంచినప్పుడు ఒక ఊరి బోర్లలో ఒకటి దాచిన భాగంలో పడితే, మిగతావి తెలిసిన భాగంలో ఉండిపోయాయి. అంటే నేను పరీక్షించుకున్నది ఒకే ఒక్క విషయం: పక్కింటి బోరు తెలిస్తే ఈ బోరు చెప్పగలనా? చెప్పగలను. అందులో వింత ఏముంది?

మ్యాపుతో నేను చెప్పబోయింది వేరే ప్రశ్నకు జవాబు: ఈ ఊళ్ళో ఒక్క బోరు కూడా తెలియకుండా ఈ ఊరి నీళ్ళు చెప్పగలనా? టీచరమ్మ ఊరికి అతి దగ్గరి నమూనా తొమ్మిది కిలోమీటర్ల తూర్పున ఉంది. అది వేరే రాయి. తూర్పున షిస్టు రాళ్ళు, ఈ ఊరి కింద గ్రానైట్ ముక్క. వెలిగొండల్లాగే ఇక్కడి రాళ్ళ పట్టీలు చాలావరకు ఉత్తర దక్షిణంగా సాగుతాయి. తూర్పు నుంచి పడమరకు తొమ్మిది కిలోమీటర్లు నడిస్తే రాయి మారిపోవచ్చు, ఉత్తరానికి అంతే దూరం నడిస్తే మారకపోవచ్చు. నా లెక్కకు ఈ తేడా తెలియదు, అన్ని దిక్కులకూ దూరం ఒక్కటే అనుకుంది.

ఇంకో తప్పు కూడా దొరికింది. లాగరిథమ్‌లో వచ్చిన అంచనాను నేరుగా వెనక్కి తిప్పితే వచ్చేది సగటు కాదు, మధ్యస్థం. అది సగటు కంటే తక్కువ. సగటు కావాలంటే వెనక్కి తిప్పే ముందు విస్తృతిలో (వేరియన్స్‌లో) సగం కూడా కలపాలి, నేను కలపలేదు. కాబట్టి మ్యాపు మొత్తం కొంచెం పచ్చ వైపు ఒరిగింది. అయితే ఆ ఊరి తప్పుకు ముఖ్య కారణం ఇది కాదు.

ఈసారి ఊరు ఊరంతా దాచి పరీక్ష పెట్టాను. ఒక ఊరి బోర్లన్నీ ఒకేసారి తీసేసి, మిగతా ఊళ్ళతో దాన్ని చెప్పమన్నాను. ముందు చూసిన అందమైన పొందిక చెదిరిపోయింది. గ్రాఫులో గీత వెంబడి నిలబడ్డ చుక్కలు మబ్బులా పరుచుకున్నాయి. నా మ్యాపు అసలు బలం అదే. మొదటి రోజే ఈ పరీక్ష చేసి ఉంటే ఆ ఊరికి పచ్చ రంగు వేసేవాడిని కాదు.

గొర్రెల మంద

ఉదయగిరి, వరికుంటపాడు వైపు కొందరు గొర్రెల కాపరులు పొట్టేళ్ళను బరువు చూసి ఎంచుకోవాలని అనుకున్నారు. నెల్లూరు గొర్రె మన దేశంలోని గొర్రెల్లో అన్నిటికంటే ఎత్తైన జాతి. దాని మీద ఉన్ని ఉండదు, వెంట్రుకలే. తెల్లనివి పల్ల, తెల్లని ఒంటి మీద ముఖానికి నల్ల మచ్చలున్నవి జోడిపి, గోధుమ రంగువి దొర. పిల్లలను మూడు నెలలకు కాటా వేసి, ఏ పొట్టేలు పిల్లలు బాగా పెరుగుతున్నాయో తేల్చాలి. ఒక పరిశోధక విద్యార్థి కొన్ని జంతువుల జన్యు గుర్తుల (డీఎన్ఏలో జంతువుకూ జంతువుకూ ఒక్క అక్షరం మారే చోట్ల) ఫైలు కూడా ఇచ్చారు. అది గొర్రెల యాభై వేల గుర్తుల చిప్పుతో చేసినది.

ఆ ఫైలు చూడటమే ఒక పాఠం. ఇలాంటి చిప్పుల మీది గుర్తులను ఎంచుకున్నది ఎక్కువగా బయటి దేశాల జాతుల్లో తేడా చూపించేవాటి నుంచి. మన గొర్రెల్లో వాటిలో కొన్ని అసలు మారనే మారవు, అందరిలో ఒకే అక్షరం. అవి తీసేశాను. ప్లింక్ అనే జన్యు డేటా ప్రోగ్రాంతో ఎవరికి ఎవరు చుట్టమో చూస్తే, రెండు వేర్వేరు చెవి ట్యాగుల పేరిట ఒకే జంతువు రెండుసార్లు ఉంది. నీళ్ళ ఫైలులోనూ ఇలాంటిదే దొరికింది. ఒకే బోరు "గుడి బోరు" అని ఒకసారి, "రావిచెట్టు బోరు" అని ఇంకోసారి రాసి ఉంది. పరీక్షలో అలాంటి జంటలో ఒకటి దాచి ఒకటి చూపిస్తే ఏ లెక్కైనా నూటికి నూరు తెచ్చుకుంటుంది.

గొర్రెలకు వాడే పద్ధతి పేరు బ్లప్. అమెరికాలో చార్లెస్ హెండర్సన్ 1949, 1950 ప్రాంతంలో పాడి పశువుల ఎంపిక కోసం దీన్ని తయారు చేశాడు. అంతకు చాలా ముందు, 1922లోనే, స్యూవల్ రైట్ చుట్టరికాన్ని అంకెగా కొలిచే దారి చూపించాడు. తల్లికీ పిల్లకూ 0.5, ఒకే పొట్టేలుకు వేర్వేరు గొర్రెలకు పుట్టిన సవతి పిల్లల మధ్య 0.25. హెండర్సన్ ఆ చుట్టరికాల పట్టికను తీసుకుని, దగ్గరి చుట్టం బరువుకు ఎక్కువ విలువ, దూరపు చుట్టానికి తక్కువ విలువ ఇచ్చి ఒక్కో జంతువు జన్యు విలువను అంచనా కట్టాడు. మన ఒంగోలు పశువుల సంతతి బ్రెజిల్ వెళ్ళి, నెల్లూరు పేరు మీదే నెలోర్ అనే జాతిగా నిలిచి, అక్కడ ఇదే పద్ధతితో తరాల తరబడి ఎంపికవుతోంది. పేరు ఇచ్చిన ఊరి గొర్రెల మందలో ఏ పిల్ల ఏ పొట్టేలుదో రాసుకునే పుస్తకం కూడా లేకపోవడం నాకు చాలా బాధగా ఉంటుంది.

ఇప్పుడు రెండు పద్ధతులను పక్కపక్కన పెట్టి చూడండి. క్రిగె బాటలో మాథెరాన్ నమూనాకూ నమూనాకూ దూరం కొలిచి పోలిక పట్టిక వేశాడు. హెండర్సన్ జంతువుకూ జంతువుకూ చుట్టరికం కొలిచి పోలిక పట్టిక వేశాడు. పట్టిక నిండిన తర్వాత ఇద్దరూ పరిష్కరించిన సమీకరణం ఒక్కటే. ఒకరు గనుల్లో, ఒకరు పశువుల కొట్టాల్లో, వేర్వేరు దారుల్లో అక్కడికి చేరారు. జి. కె. రాబిన్సన్ 1991లో రాసిన ఒక వ్యాసంలో ఈ రెంటినీ ఒకే గొడుగు కిందికి తెచ్చి చూపించాడు. నగ్గెట్‌ను గొర్రెల భాషలోకి మారిస్తే మేత, జబ్బు, కాటా పొరపాటు లాంటి జన్యువులకు సంబంధం లేని తేడా అవుతుంది. మొత్తం తేడాలో జన్యువుల వాటాను అనువంశికత అంటారు.

ఒక చిన్న లెక్క. అనువంశికత 0.3 అనుకుందాం. ఒక సవతి పిల్ల బరువు చూసి ఇంకో పిల్లను అంచనా వేస్తే, ఆ బరువుకు ఇవ్వాల్సిన విలువ 0.25ను 0.3తో గుణిస్తే వచ్చే 0.075. నీళ్ళలో, నగ్గెట్ పక్కన పెడితే ఒక దూరానికి పోలిక 0.25, మొత్తం తేడాలో నగ్గెట్ వాటా 70 శాతం అనుకుంటే, ఆ బోరుకు ఇవ్వాల్సిన విలువ కూడా అదే 0.075. ఒక్క అంకె మారదు.

ఈ లెక్కే నన్ను ఒక కాపరితో మాట పడేలా చేసింది. ఆయన పొట్టేలుకు అప్పటికి మూడే పిల్లలు. మూడూ మంద సగటు కంటే రెండేసి కిలోలు ఎక్కువ తూగాయి. ఇంకొకరి పొట్టేలుకు ఇరవై పిల్లలు, సగటు కంటే కిలో ఎక్కువ. నా జాబితాలో ఇరవై పిల్లల పొట్టేలు పైన ఉంది. "ఏందబ్బాయా, మూడు పిల్లలూ అంత దిట్టంగా ఉంటే నా పొట్టేల్ని కిందికి దించినావే?" అని ఆయన నిలదీశారు. ఆయన ముందే కాగితం మీద చూపించాను. మూడు పిల్లల సగటుకు విలువ 0.196, రెండు కిలోలతో గుణిస్తే 0.39 కిలో. ఇరవై పిల్లల సగటుకు విలువ 0.619, కిలోతో గుణిస్తే 0.62 కిలో. రాబోయే పిల్ల మీద పెట్టుకోగల ఆశ అంతే. మూడు పిల్లలు బాగుండటం అదృష్టం కావచ్చు, ఇరవై పిల్లలు బాగుంటే అదృష్టం అనలేం. "ఇంకో ఈత చూసి చెప్పు మరి" అన్నారాయన. సరైన మాట అన్నారు, లెక్క చెప్పేదీ అదే. ఇంకో ఈత అయ్యాక ఆ పొట్టేలు పైకి రావచ్చు కూడా.

ఇరవై బోర్లున్నా, ఇరవై పిల్లలున్నా అవి ఇరవై వేర్వేరు సాక్ష్యాలు కావు. 0.075ను ఇరవైతో గుణిస్తే 1.5 రావాలి, వచ్చింది 0.619 మాత్రమే. ఒకే పొట్టేలు పిల్లలు, ఒకే ఊరి బోర్లు చాలావరకు ఒకే సంగతిని మళ్ళీ మళ్ళీ చెబుతాయి కాబట్టి. సవతి పిల్లలు వేలల్లో ఉన్నా, వాటిని బట్టి ఒక పిల్ల జన్యు విలువను 0.5 కంటే ఎక్కువ కచ్చితత్వంతో (అసలు విలువకూ అంచనాకూ ఉండే పొందికతో) చెప్పలేం. తల్లి వైపు నుంచి వచ్చిందేమిటో, తండ్రి జన్యువుల్లో ఏ సగం ఈ పిల్లకు వచ్చిందో వాటికి తెలియదు కదా.

అదే పొరపాటు, రెండోసారి

నీళ్ళ పనిలో తల బొప్పి కట్టాక గొర్రెల ఫైలు తెరిచి, అక్కడ నేను చేసిన పరీక్ష ఏమిటో చూశాను. పిల్లలన్నింటినీ కలిపి పది భాగాలు చేశాను. పొందిక బాగా వచ్చింది. ఒక మందలోని సవతి పిల్లలు కొన్ని అటు, కొన్ని ఇటు పడ్డాయి. గుండె జారిపోయింది.

మంద మొత్తం దాచి పరీక్ష పెట్టాను. పొందిక కుప్పకూలింది. లెక్క నేర్చుకున్నది జన్యువులను కాదు, మందలను. ఒక మంద వేరుశెనగ పైరు తీసిన పొలాల్లో మేసింది, ఇంకో మంద వట్టి కొండ గడ్డి మీద బతికింది. మొదటి మందలో దాదాపు అన్నీ జోడిపివే, ఆ ఇంటివాళ్ళకు ముఖం మీద నల్ల మచ్చ అంటే ఇష్టం. దాంతో ఆ మందను మిగతా వాటి నుంచి వేరు చేసే జన్యు గుర్తు ఏదైనా బరువు పెంచే గుర్తులా కనిపించింది. ఆ ఫలితాన్ని అలాగే బయటపెట్టి ఉంటే, నల్ల మచ్చ ఉన్న పొట్టేలుకు సంతలో ధర పెరిగేదేమో, పిల్లల బరువు మాత్రం పెరిగేది కాదు.

దీనికి ఇంకో లోతైన కారణం ఉంది. ఏ పొట్టేలూ ఒకటి కంటే ఎక్కువ మందల్లో లేదు. అప్పుడు పిల్లలు బాగుంటే అది పొట్టేలు గొప్పా, మేత గొప్పా అని ఏ లెక్కా విడదీయలేదు. ఎంత పెద్ద కంప్యూటరు తెచ్చినా సరే. నీళ్ళ ఫైలు మళ్ళీ తెరిచి చూస్తే అక్కడా ఇదే ముడి. పడమటి ఊళ్ళ నమూనాలన్నీ మే నెలలో పట్టినవి, తూర్పు ఊళ్ళవన్నీ ఈశాన్య రుతుపవనాల వానలు పడ్డాక పట్టినవి. తేడా రాయిదా, కాలానిదా?

ఎలా సరిదిద్దాం

మొదట పరీక్ష పద్ధతి మార్చాను. మ్యాపులో అంచనా వేయబోయే ఊళ్ళు తెలిసిన ఊళ్ళకు ఎంత దూరంలో ఉన్నాయో, పరీక్షలో దాచే బోర్లు కూడా అంతే దూరంలో ఉండేలా చూశాను. గొర్రెల్లో ఒకసారి మంద మొత్తం, ఒకసారి పొట్టేలు సంతతి మొత్తం దాచాను. ఈ రెండు పరీక్షలూ వేర్వేరు ప్రశ్నలు అడుగుతాయి. కొత్త మందలోకి లెక్క వెళ్తుందా? కొత్త పొట్టేలు మీదికి వెళ్తుందా? వాడుకునేవాడు ఏ ప్రశ్న అడగబోతున్నాడో అదే పరీక్ష పెట్టాలి.

తర్వాత రాయి రకాన్ని, నీళ్ళ కాఠిన్యాన్ని లెక్కలోకి తెచ్చాను. కాఠిన్యం పరీక్ష చౌక, బడి ల్యాబులో కూడా చేయొచ్చు. రాళ్ళ పట్టీల దిక్కును కూడా కలిపాను, ఉత్తర దక్షిణాలకు పోలిక ఎక్కువ దూరం సాగేలా. గొర్రెల్లో రాయి రకం స్థానంలో మంద, కాలం, ఆడా మగా, ఒంటరి పిల్లా జంట పిల్లా, తల్లికి ఎన్నో ఈత అనేవి వచ్చాయి.

మ్యాపులో రంగులు మార్చడమే అన్నిటికంటే ముఖ్యమైన మార్పు అని నా అభిప్రాయం. క్రిగింగ్ అంచనాతో పాటు ఆ అంచనా ఎంత తప్పొచ్చో కూడా చెబుతుంది. మొదటిసారి నేను ఆ రెండో అంకెను పక్కన పడేశాను. ఈసారి అంచనా బదులు, 1.5 దాటే అవకాశం ఎంత అన్నది గీశాను. అవకాశం బాగా తక్కువైతేనే పచ్చ, బాగా ఎక్కువైతే ఎరుపు. ఆ రెండూ కాని చోట తెలుపు వదిలేసి "ఇక్కడ పరీక్ష చేయాలి" అని రాశాను. మొదటి మ్యాపులో తెలుపే లేదు. కొత్త మ్యాపులో తెలుపు చాలా ఉంది. బృందంలో ఒకరు "ఇంత ఖాళీగా ఉంటే ఎవరికి చూపిస్తాం?" అని బెంగపడ్డారు. టీచరమ్మ ఊరు ఆ తెలుపులోనే పడింది, ఆ ఊరి నమూనాలు వాడకుండా వేసిన లెక్కలో కూడా. అది చూపించాక ఆయన మళ్ళీ ఆ మాట అనలేదు.

కాలానికీ రాయికీ పడ్డ ముడి విప్పడానికి కొన్ని బోర్లను రెండు కాలాల్లోనూ మళ్ళీ పట్టమని అడిగాం. పడమర కొన్ని, తూర్పు కొన్ని. ఎండాకాలం నమూనాలు వచ్చాయి, వానల తర్వాతవి ఇంకా పట్టాలి. అవి వచ్చేదాకా సరిహద్దు ఊళ్ళ తెలుపు తెలుపుగానే ఉంటుంది.

మందల ముడి విప్పడం మనుషుల పని. రెండు పొట్టేళ్ళను ఒక్కో మందలో కొన్నాళ్ళు తిప్పితే చాలు, మందలన్నింటికీ ఒక ఉమ్మడి కొలత దొరుకుతుంది. వేరే మంద పొట్టేలును తమ మందలోకి రానివ్వడానికి కాపరులకు జబ్బుల భయం. టీకాలు వేయించి, కొన్నాళ్ళు వేరే దొడ్డిలో కట్టి చూసిన తర్వాతే కలపాలని ఒప్పందం కుదిరింది. మూడు పిల్లల పొట్టేలు ఆసామే మొదట సరేనన్నారు.

మిగిలింది, ఏ పిల్ల ఏ పొట్టేలుదో తెలుసుకోవడం. ప్రతి పిల్లకూ జన్యు పరీక్ష చేయించే స్తోమత వాళ్ళకు లేదు. జాజును నూనెలో కలిపి పొట్టేలు రొమ్ముకు పూస్తే, అది దాటిన గొర్రె నడుం మీద ఎర్రటి మరక పడుతుంది. ఆ రోజు తేదీ రాసుకుంటే, సుమారు 150 రోజులకు ఈనిన పిల్ల ఆ పొట్టేలుదని తేలుతుంది. రెండో పొట్టేలుకు నీలిమందు. మొన్న వరికుంటపాడు వైపు వెళ్ళినప్పుడు ఆ కాపరి మనవరాలు, ఎనిమిదో తరగతి పిల్ల, నోటుబుక్కులో గళ్ళు గీసి చెవి నంబరు, మరక రంగు, తేదీ రాసుకుంటోంది. మొదటి పేజీలో ముప్పై రెండు గొర్రెలున్నాయి. వాటిలో నాలుగింటికి ఎరుపూ నీలమూ రెండూ పడ్డాయి. వాటి ఎదురుగా ఆ పిల్ల ఏ పొట్టేలు పేరూ రాయకుండా గడి ఖాళీగా వదిలేసింది.